అప్పు వాళ్ళది, జప్తు మనకి: క్లెయిమ్ పిటిషన్ గురించి

అందరికీ నమస్కారం. వెనక కూర్చున్నవాళ్ళకి వినపడుతోందా? సరే.

ముందే ఒక మాట చెప్పేస్తాను. ఈరోజు నేను అప్పు తీసుకున్నవాళ్ళ గురించి మాట్లాడను. అప్పిచ్చినవాళ్ళ గురించి కూడా పెద్దగా మాట్లాడను. వాళ్ళిద్దరికీ వకీళ్ళున్నారు, కోర్టు దారి తెలుసు, దావా ఎప్పుడు మొదలైందో తెలుసు. నేను మాట్లాడేది మూడో మనిషి గురించి. ఆయన అప్పు చెయ్యలేదు. నోటు మీద సంతకం పెట్టలేదు. హామీ కూడా ఉండలేదు. దావా నడిచిన సంగతే తెలియదు. ఒక పొద్దున అమీనా, అంటే కోర్టు ఉత్తర్వులు అమలు చేసే ఉద్యోగి, వస్తాడు, గోడకి ఒక కాగితం అంటిస్తాడు, వెళ్ళిపోతాడు. అప్పుడు తెలుస్తుంది. ఆ మనిషి ఏం చెయ్యాలి?

నా దగ్గరికి వచ్చేవాళ్ళలో ఎక్కువమంది మొదట అనే మాట ఒకటే. 'సార్, ఆస్తి నాది. అప్పు వాడిది. నా ఆస్తిని ఎలా అమ్ముతారు? అమ్మలేరు కదా?' అమ్మగలరు, అయ్యా. మీరు ఊరుకుంటే అమ్మేస్తారు. ఆ తర్వాత మీరు నిరూపించుకోలేరని కాదు, కానీ అప్పుడు పడే పాట్లు ఇప్పుడు పడేవాటికి నాలుగింతలు.

ఎందుకని? జప్తు ఎలా జరుగుతుందో చూడండి. డబ్బు కట్టమని కోర్టు తీర్పు, అంటే డిక్రీ, అయింది. అవతలాయన కట్టలేదు. డిక్రీదారు, అంటే ఆ తీర్పు గెలిచినాయన, అమలు పిటిషన్ వేస్తాడు, మనం ఈ.పీ. అంటాం. దాంట్లో ఒక షెడ్యూలు పెడతాడు. ఫలానా సర్వే నంబరు, ఫలానా హద్దులు, ఇది మా జేడీఆర్‌ది, అంటే బాకీదారుడిది, అని. ఆ మాట తనకు తెలిసినంత మట్టుకు నిజమని రాస్తాడు. కోర్టు అప్పుడే కూర్చుని ఆ పొలం నిజంగా ఎవరిదో విచారిస్తుందా? విచారించదు. విచారించే ఘట్టం అది కాదు. జప్తు ఉత్తర్వు వెళ్ళిపోతుంది. అది తప్పుడు ఉత్తర్వు కాదు. అడిగేవాడు ఉంటే వచ్చి అడుగుతాడులే అనే ఏర్పాటు అది. ఆ అడిగే చోటు పేరే క్లెయిమ్ పిటిషన్. సివిల్ ప్రొసీజర్ కోడ్, ఆర్డర్ 21, రూల్ 58. ఈరోజు ఇంటికి వెళ్ళేటప్పుడు ఒక్క నంబరు గుర్తుపెట్టుకోవాలంటే ఇది పెట్టుకోండి. 58.

ఇక్కడ కొంచెం పాత కథ చెప్పాలి, ఎందుకంటే మనవాళ్ళలో ఇప్పటికీ ఆ పాత కథే బుర్రలో ఉండిపోయింది. పెద్ద వకీళ్ళలో కూడా కొందరికి. పూర్వం క్లెయిమ్ పిటిషన్ అంటే పైపైన చూసేది. జప్తు నాటికి స్వాధీనం ఎవరిది, ఎవరి తరఫున, అంతే. ఓడిపోయినవాడు ఏడాది లోపల విడిగా దావా వేసుకోవచ్చు. అసలు హక్కు ఎవరిదో ఆ దావాలో తేలేది. అందుకని క్లెయిమ్‌ని ఎవరూ పెద్దగా పట్టించుకునేవారు కాదు. ఇది పోయినా దావా ఉందిలే అనుకునేవారు.

1976లో కోడ్‌ని సవరించారు. 1977 ఫిబ్రవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. అప్పటి నుంచి లెక్క మారిపోయింది. హక్కు, టైటిల్, వాటా, ఏది తేలాలన్నా ఆ క్లెయిమ్‌లోనే తేలాలి. విడిగా దావా లేదు. క్లెయిమ్ మీద వచ్చిన ఉత్తర్వుకి డిక్రీకి ఉన్నంత బలం ఉంది, నచ్చకపోతే అప్పీలుకి వెళ్ళాలి. అంటే ఏమిటి? మీరు వేసే ఆ నాలుగు పేజీల పిటిషనే మీ దావా. మళ్ళీ చెప్తాను. అదే మీ దావా. దాంట్లో సాక్ష్యం పెట్టకపోతే ఇంకెక్కడా పెట్టలేరు. దస్తావేజు మార్కు చేయించకపోతే, పొరుగు రైతుని బోనెక్కించకపోతే, శిస్తు రసీదులు ఇంట్లోనే ఉంచేస్తే, 'తర్వాత చూసుకుందాం' అనే ఆ తర్వాత అనేది లేదు. నేను చూసిన ఓడిపోయిన క్లెయిమ్‌లలో సగానికి సగం హక్కు లేక ఓడిపోయినవి కావు. దాన్ని చిన్న పిటిషన్ అనుకుని అఫిడవిట్ ఒకటి పడేసి ఊరుకోవడం వల్ల ఓడిపోయినవి.

సరే, వెయ్యాలి. ఎప్పుడు వెయ్యాలి? రూల్‌లోనే రెండు అడ్డుగోడలు పెట్టారు. ఒకటి, మీరు వచ్చేసరికే ఆస్తి అమ్ముడైపోతే క్లెయిమ్ తీసుకోరు. రెండు, కావాలని ఆలస్యం చేశారని, లేదా అనవసరంగా ఆలస్యం చేశారని కోర్టుకి అనిపిస్తే తీసుకోరు. మొదటిదాని మీద చాలాకాలం గొడవ నడిచింది. అమ్ముడైంది అంటే ఏమిటి? వేలంలో సుత్తి పడితే అమ్ముడైనట్టా, లేక కోర్టు ఆ అమ్మకాన్ని ఖాయపరిస్తేనా? మన ఆంధ్ర హైకోర్టు ఖాయపరిచేదాకా క్లెయిమ్ వినొచ్చు అని 1983 నాటికే చెప్పింది. 2008లో మన దగ్గరి నుంచే వెళ్ళిన ఒక కేసులో సుప్రీంకోర్టు కూడా, అమ్మకం అంటే ఖాయపరచడంతో సహా పూర్తయిన అమ్మకం అని చెప్పింది. కాబట్టి వేలం అయిపోయిందని విన్న రోజున తల పట్టుకుని కూర్చోకండి, ఖాయమైందో లేదో కనుక్కోండి. అలాగని వేలం దాకా ఆగమని నేను చెప్తున్నట్టు కాదు. రెండో గోడ అక్కడే ఉంది. ఆలస్యం.

ఆలస్యం అంటే కోర్టుకి ఎందుకు అంత అనుమానం? నవ్వకండి, మీరందరూ చూసినదే చెప్తున్నాను. జప్తు జరిగి ఏడాదైంది. వేలం ప్రకటన పడింది. రేపు వేలం అనగా ఈరోజు సాయంత్రం బాకీదారు బావమరిది క్లెయిమ్ పట్టుకుని వస్తాడు. అది కొట్టేస్తే ఆర్నెల్లకి అత్తగారు వస్తుంది. ఆవిడది పోతే పిల్లల తరఫున మేనమామ వస్తాడు. డిక్రీ తెచ్చుకోవడానికి ఐదేళ్ళు, దాన్ని అమలు చేసుకోవడానికి పదేళ్ళు. ఇది చూసి చూసి విసిగిపోయే 2021లో సుప్రీంకోర్టు ఈ.పీ. వేసిన ఆరు నెలల్లో ముగించాలని అన్ని కోర్టులకీ చెప్పింది. ఈ దొంగ క్లెయిమ్‌లు ఎవరికి చేటు చేస్తున్నాయో తెలుసా? డిక్రీదారుకే కాదు, నిజమైన మూడో మనిషికి కూడా. జడ్జిగారు ఉదయం నుంచి నాలుగు బూటకపు క్లెయిమ్‌లు చూసిన తర్వాత ఐదోది మీది వస్తుంది. మీరు నిజమే చెప్తున్నా ఆయన కళ్ళలో అనుమానం ఉంటుంది. అందుకే మీ దగ్గరున్న కాగితం అందరికంటే ముందు, అందరికంటే శుభ్రంగా ఉండాలి.

వేలం తేదీ పడిపోయాక క్లెయిమ్ వేస్తే వేలం ఆగుతుందా అని అడుగుతారు. దానంతట అది ఆగదు. రూల్ 59 ఉంది, దాని కింద విడిగా అడగాలి. వస్తువులైతే వేలం వాయిదా వెయ్యొచ్చు. భూమి, ఇల్లు అయితే అమ్మొద్దని చెప్పొచ్చు, లేదా అమ్మండి కానీ క్లెయిమ్ తేలేదాకా ఖాయం చెయ్యొద్దు అని చెప్పొచ్చు. సెక్యూరిటీ పెట్టమని షరతు పెట్టొచ్చు కూడా. అడగనిదే అమ్మ కూడా పెట్టదు కదా.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. క్లెయిమ్ గెలవడానికీ ఓడడానికీ మధ్య తేడా ఎక్కడుంటుంది? తేదీల్లో ఉంటుంది. మీ హక్కు పుట్టిన తేదీ ఏది? జప్తు తేదీ ఏది? ఈ రెండూ పక్కపక్కన రాసుకోండి. మీ తేదీ ముందుంటే మాట్లాడొచ్చు. జప్తు తేదీ ముందుంటే కష్టం. అదే కోడ్‌లో సెక్షన్ 64 ఏమంటుందంటే, జప్తు అయ్యాక బాకీదారు సొంతంగా చేసిన అమ్మకం ఆ జప్తు కింద డబ్బు రావాల్సినవాళ్ళ మీద చెల్లదు. గమనించండి, అమ్మకం మొత్తం చెత్తబుట్టలోకి పోదు. ఆ బాకీ తీర్చేస్తే అమ్మకం నిలబడుతుంది. తీర్చకపోతే మీరు కొన్న పొలమే వేలానికి పోతుంది.

జప్తు అయిన సంగతి నాకెలా తెలుస్తుంది అంటారు. స్థిరాస్తి జప్తుకి రూల్ 54 ఒక పద్ధతి పెట్టింది. ఆస్తి దగ్గర దండోరా వెయ్యాలి, లేదా ఆ ఊళ్ళో అలవాటున్న పద్ధతిలో చాటాలి. ఉత్తర్వు నకలు ఆస్తి మీద అందరికీ కనపడే చోట అంటించాలి, కోర్టు దగ్గర అంటించాలి. శిస్తు కట్టే భూమి అయితే కలెక్టరు ఆఫీసులో, గ్రామంలోని భూమి అయితే పంచాయతీ ఆఫీసులో కూడా. ఇవన్నీ జరిగాయా లేదా అన్నది మీ క్లెయిమ్‌లో ఒక పాయింటే. కానీ కొనేవాళ్ళకి నా సలహా వేరు. ఈసీ, అంటే సబ్‌రిజిస్ట్రారు ఆఫీసులో ఇచ్చే ఎన్‌కంబ్రెన్స్ సర్టిఫికెట్, ఒక్కటి తీసి అందులో ఏమీ లేదని అడ్వాన్సు ఇచ్చేయకండి. జప్తు ఈసీలోకి ఎక్కకుండా ఉండొచ్చు. అమ్మేవాడికి ఊళ్ళో బాకీలు ఉన్నాయని విన్నారంటే, ఆ పరిధిలోని కోర్టులో ఆయన మీద దావాలున్నాయేమో చూడండి. ఈ-కోర్టుల వెబ్‌సైటులో పార్టీ పేరుతో వెతకొచ్చు. పేరు స్పెల్లింగు నాలుగు రకాలుగా కొట్టి చూడండి, మన పేర్ల సంగతి మీకు తెలుసుగా.

తేదీల విషయంలో రెండు చిక్కు ప్రశ్నలున్నాయి. ఈ రెండింటి మీదే కొంచెం ఎక్కువసేపు ఉంటాను, ఎందుకంటే మన జిల్లాల్లో వచ్చే క్లెయిమ్‌లు ఎక్కువగా ఇవే.

మొదటిది. అమ్మకం దస్తావేజు రాశారు, డబ్బిచ్చారు, సంతకాలయ్యాయి. రిజిస్ట్రేషన్ పది రోజుల తర్వాత అయింది. ఆ మధ్యలో జప్తు పడింది. ఎవరు గెలుస్తారు? కొన్నాయనే. రిజిస్ట్రేషన్ చట్టం సెక్షన్ 47 ప్రకారం రిజిస్టరైన దస్తావేజు రాసిన తేదీ నుంచే పనిచేస్తుంది. తీర్పుకి ముందు జప్తు విషయంలో సుప్రీంకోర్టు కూడా ఇదే మాట చెప్పింది. అంటే దావా తేలకముందే పెట్టే జప్తు. అయితే ఒక హెచ్చరిక. దస్తావేజు నిజంగా ఆ తేదీనే రాశారా అన్నది అవతలివాళ్ళు గట్టిగా అడుగుతారు. స్టాంపు కాగితం ఎప్పుడు కొన్నారు, డబ్బు బ్యాంకు ద్వారా వెళ్ళిందా, సాక్షులు ఎవరు. నగదు ఇచ్చాం, రసీదు లేదు, సాక్షి చనిపోయాడు అంటే మీరే ఆలోచించుకోండి.

రెండోది ఇంకా చిక్కు. అమ్మకం కాలేదు, అగ్రిమెంటు మాత్రమే ఉంది. అడ్వాన్సు ఇచ్చారు, కొందరైతే మొత్తం ఇచ్చి స్వాధీనం కూడా తీసుకున్నారు. జప్తు పడింది. ఒప్పందం వల్ల ఆస్తి మీద హక్కు రాదు, అది మీకు తెలుసు. జీపీఏ, అంటే జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ, అయినా అంతే, 2011లో సుప్రీంకోర్టు ఆ దారి మూసేసింది. మరి క్లెయిమ్ ఎలా? జప్తుకి ముందే ఒప్పందం ఉంటే, ఆ ఒప్పందం కింద బాకీదారుకి ఉన్న బాధ్యతకి లోబడే జప్తు ఉంటుందని 1990లో సుప్రీంకోర్టు చెప్పింది. బాకీదారు చేతిలో ఎంత హక్కు మిగిలిందో అంతే జప్తుకి దొరుకుతుంది. దీని మీద ఆధారపడి చాలామంది బయటపడ్డారు. అయితే 2002 జులై నుంచి సెక్షన్ 64లో ఒక ఉపసెక్షన్ చేర్చారు. జప్తుకి ముందు చేసుకుని, రిజిస్టర్ కూడా చేయించుకున్న ఒప్పందం ప్రకారం జరిగిన బదిలీకి ఈ నిషేధం వర్తించదు అని. రిజిస్టర్ అనే ఆ ఒక్క మాట పట్టుకుని ఇప్పుడు డిక్రీదారులు వాదిస్తున్నారు. అంతకు ముందే, 2001లో, స్వాధీనంతో కూడిన ఒప్పందాలకి కూడా రిజిస్ట్రేషన్ ఉంటేనే రక్షణ అని ఆస్తి బదిలీ చట్టంలో మార్పు తెచ్చారు. కాబట్టి ఇక్కడున్న ప్లాట్ల వ్యాపారం వాళ్ళకి, కొనుక్కునేవాళ్ళకి ఒకటే మాట. అగ్రిమెంటు రిజిస్టర్ చేయించుకోండి. స్టాంపు డ్యూటీకి వెనకాడి యాభై లక్షల పొలాన్ని తెల్ల కాగితం మీద పెట్టుకోకండి.

బంధువుల మధ్య బదిలీలకి వస్తే కథ వేరు. నోటీసు అందిన నెలలోనే భార్యకి గిఫ్టు రాస్తారు. తమ్ముడికి అమ్ముతారు. తేదీ జప్తుకి ముందే ఉంటుంది, కాగితం పక్కాగా ఉంటుంది. అయినా క్లెయిమ్ ఓడిపోవచ్చు. ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 53, అప్పులవాళ్ళని ఎగ్గొట్టాలనే ఉద్దేశంతో చేసిన బదిలీని వాళ్ళు కోరితే పక్కన పెట్టొచ్చు. నిజంగా విలువ ఇచ్చి, మంచి నమ్మకంతో కొన్నవాడికి మాత్రం రక్షణ ఉంది. దీనికోసం డిక్రీదారు విడిగా దావా వేయనక్కర్లేదు, మీ క్లెయిమ్‌కి జవాబులోనే ఈ మాట ఎత్తొచ్చు.

అలాగని భార్య పేరున ఉన్న ప్రతిదీ భర్తదే అని అనుకోకూడదు. నాకు కొంచెం కోపం వచ్చే చోటు ఇది. జప్తుకి వెళ్ళినప్పుడు ఇంట్లో బీరువా తెరవగానే ఆ బంగారం ఆయనదే అనుకుంటారు. స్త్రీధనం ఆవిడ సొంత ఆస్తి. 1985లో సుప్రీంకోర్టు ఈ సంగతి గట్టిగా చెప్పింది. ఇంక సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 60 ప్రకారం కట్టుబట్టలు, వంటపాత్రలు, పడకలు, మత ఆచారం ప్రకారం స్త్రీ వదలకూడని నగలు అసలు జప్తుకే రావు. మంగళసూత్రం అంటే అదీ. పనివాడి పనిముట్లు, రైతు నాగలీ ఎడ్లూ, రైతు ఉండే ఇల్లూ అంతే. వీటికి క్లెయిమ్ వెయ్యాల్సిన అవసరం లేకుండానే అభ్యంతరం చెప్పొచ్చు. ఆవిడ పేరున కొన్న స్థలం విషయంలో అయితే కోర్టు చూసేవి ఎప్పటినుంచో ఉన్నవే. డబ్బు ఎక్కడి నుంచి వచ్చింది? దస్తావేజు ఎవరి దగ్గరుంది? అద్దె ఎవరి ఖాతాలో పడుతోంది? పన్ను ఎవరు కడుతున్నారు? పుట్టింటివాళ్ళు ఇచ్చిన డబ్బుతో కొన్నారా, అయితే ఆ డబ్బు బ్యాంకు ఖాతాలో కనపడాలి. ఆడవాళ్ళు ఎంతమంది ఇక్కడున్నారో గానీ, ఈ కాగితాలు మీ పేరున, మీ దగ్గర ఉంచుకోండి. బావగారి బీరువాలో కాదు.

ఉమ్మడి కుటుంబం సంగతి ఒక్క నిమిషం. తండ్రి మీద డిక్రీ, పిత్రార్జితం పొలం జప్తు. కొడుకులు, కూతుళ్ళు మా వాటాలు వదలమంటారు. 2005 తర్వాత చేసిన అప్పులకి పుత్రధర్మం, అంటే తండ్రి అప్పు కొడుకు తీర్చాలి అనే ఒక్క కారణంతో కొడుకుల మీద వసూలు చెయ్యలేరు. అంతకు ముందు అప్పులకి పాత చట్టమే. కూతురికి పుట్టుకతోనే వాటా ఉందని 2020 ఆగస్టులో సుప్రీంకోర్టు తేల్చింది. మన రాష్ట్రంలో అయితే 1985 సెప్టెంబరు నుంచే కొంతమంది కూతుళ్ళకి ఆ హక్కు ఇచ్చారు. కానీ అప్పు కుటుంబ అవసరానికి చేసిందని రుజువైతే వాటాలు కూడా బాధ్యత మొయ్యాలి. దీని మీద ఇంకో రోజు మాట్లాడుకుందాం, ఇది తీస్తే సాయంత్రం అయిపోతుంది.

వస్తువుల జప్తు వేరే తంతు. అమీనా వచ్చి చేత్తో పట్టుకుపోతాడు. బాకీదారు అద్దెకిచ్చిన ఇంట్లో మీరుంటున్నారనుకోండి, ఆయన ఫ్రిజ్ అనుకుని మీ ఫ్రిజ్ రాసుకున్నాడు. గొడవ పడకండి, చేయి చేసుకోకండి, అలా చేస్తే కొత్త కేసు. బిల్లు చూపించండి, పంచనామాలో మీ అభ్యంతరం రాయమని అడగండి, మర్నాడే క్లెయిమ్ వెయ్యండి. సూర్యాస్తమయం తర్వాత, సూర్యోదయం ముందు ఇంట్లోకి రాకూడదు, అది అదే కోడ్‌లో సెక్షన్ 62. తలుపు పగలగొట్టడమైతే బాకీదారు ఉంటున్న ఇల్లయితేనే, ఆయన రానివ్వకపోతేనే. పశువులూ పనిముట్లూ తీసుకెళ్ళడం కష్టమైనవి ఉంటే వాటిని ఊళ్ళోనే ఒక పెద్దమనిషి పూచీ మీద ఉంచమని మీరు, అంటే క్లెయిమ్ చేసేవాళ్ళు కూడా, అడగొచ్చు. రూల్ 43ఏ. ఇది చాలామందికి తెలియదు. గేదెలు కోర్టు ఆవరణలో ఎండిపోవడం కంటే నయం.

అన్నీ అయిపోయాక తెలిసింది, అప్పుడు? వేలం అయింది, ఖాయమైంది, ఇంక క్లెయిమ్ లేదు. అప్పుడు దావా ఉంది. ఆలస్యం అని మీ క్లెయిమ్ తీసుకోకపోతే దావా వేసుకోవచ్చని రూల్ 58లోనే ఉంది. ఖాయమయ్యాక బాకీదారుకి అసలు హక్కే లేదని చెప్పదలిస్తే రూల్ 92 కింద దావా వెయ్యాలి, దాంట్లో వేలంలో కొన్నవాణ్ణి, డిక్రీదారుని, బాకీదారుని ముగ్గురినీ చేర్చాలి. మీరు గెలిస్తే కొన్నవాడి డబ్బు డిక్రీదారు తిరిగివ్వాలి. పోలీసుల సాయంతో మిమ్మల్ని ఖాళీ చేయించేశారా? రూల్ 99 కింద ముప్పై రోజుల్లో అడగండి. ముప్పై రోజులు. ముప్పై ఒకటో రోజున నా దగ్గరికి వస్తే నేను కాఫీ మాత్రం ఇప్పించగలను.

మూడో దారి ఒకటుంది, దాన్ని ఎవరూ చెప్పరు. అగ్రిమెంటుదారు లాంటి వాళ్ళకి కొన్నిసార్లు క్లెయిమ్ నడిపేకంటే డబ్బు కట్టేయడం నయం. వేలమైన అరవై రోజుల్లో ప్రకటనలో ఉన్న బాకీ మొత్తం, దానితో పాటు వేలం పాటదారుకి పాట సొమ్ములో ఐదు శాతం డిపాజిట్ చేస్తే, ఆస్తిలో హక్కు ఉందనే ఏ మనిషి అయినా వేలం రద్దు చేయించుకోవచ్చు. రూల్ 89. ఆ బాకీ మీరు అమ్మినవాడికి ఇవ్వాల్సిన మిగతా సొమ్ము కంటే తక్కువే అనుకోండి, మీకు పోయేదేముంది? ఆ మొత్తాన్ని అమ్మకం ధరలో మినహాయించుకుంటానని వాదించొచ్చు. లెక్క వేసి చూసుకోండి, కోపంతో నిర్ణయం చెయ్యకండి.

చీటీ ఒకటి వచ్చింది. చదువుతాను. 'మా అన్నయ్య ట్రాక్టరు జప్తు చేశారు, అది నేను కొన్నది, ఆర్‌సీ ఆయన పేరున ఉంది, నేను క్లెయిమ్ వేస్తే గెలుస్తానా?' ఆర్‌సీ ఒక్కటే టైటిల్‌ని తేల్చదు, ఆ మాట నిజం. కానీ ఆర్‌సీ ఆయనది, జప్తు నాడు ట్రాక్టరు ఆయన పెరట్లో ఉంది. మీరు కొన్నారని చెప్పడానికి డీలరుకి వెళ్ళిన డబ్బు మీ ఖాతాలోది కావాలి, వాయిదాలు మీరు కట్టినట్టు ఉండాలి, ఆర్‌సీ అన్నయ్య పేరున ఎందుకు పెట్టారో నమ్మేలా చెప్పాలి. సబ్సిడీ కోసమో, లోను కోసమో పెట్టామని మాత్రం బోనెక్కి అనకండి, అది ఇంకో తలనొప్పి తెస్తుంది. లోను బ్యాంకులో ఇంకా ఉంటే బ్యాంకుకి కూడా చెప్పండి, వాళ్ళ తాకట్టు హక్కుకి లోబడే జప్తు కొనసాగించేలా వాళ్ళే విడిగా వచ్చి అడగొచ్చు. రేపు ఆ బ్యాంకు స్టేట్‌మెంట్లు తెచ్చుకుని ఆఫీసుకి రండి, చూసి చెప్తాను.